ఏకచక్రపురము – విరాటనగరము: పౌరభయ విచారము

ఆంధ్రమహాభారతమును బఠించువారికి భీమసేనుఁడు చేసిన వధలలో రెండు మిక్కిలి పరిచితములు. ఒకటి యాదిపర్వమందలి బకవధ. రెండవది విరాటపర్వమందలి కీచకవధ. మొదటిదానిని 11వ శతాబ్దియందు రాజమహేంద్రవరమున నన్నయభట్టారకుఁడును, రెండవదానిని 13వ శతాబ్దియందు నెల్లూరి తిక్కనసోమయాజియుఁ దెనిఁగించిరి. ఈ ఘట్టములను గూర్చి మన విమర్శకులు వ్రాసినది కొంచెము గాదు. భీముని బాహుబలము, కుంతి యౌదార్యము, ద్రౌపది యభిమానము, కీచకుని కామాంధత, రసపోషణము, సంభాషణచాతుర్యము మున్నగునవి పలుమాఱు విచారింపఁబడినవి. అయినను రెండు కథలయందును మన దృష్టి సామాన్యముగా నిలువని పాత్ర యొకటి గలదు. దానికి వేఱుగాఁ బేరు లేదు. దాని మాట పదుగురి మాట. ఆ పాత్ర పురము. చంపువానికి వెఱచిన పురమునందు ఇరుగుపొరుగు బంధము లేమగును, ఆ వెఱపుయొక్క భారము తుదకు నెవ్వరిపైఁ బడును అనునదియే యీ వ్యాసమునందలి విచారము.

విరాటపర్వమును జదివించినచో వానలు గురియు నను విశ్వాసము తెలుఁగునాఁటఁ జిరకాలముగాఁ గలదు. ఉదయగిరి, ఆత్మకూరు మొదలగు పడమటి నెల్లూరి సీమ మెట్టప్రాంతము. వానకై మింటివంకఁ జూచు సీమ. అట్టి సీమలో విరాటపర్వము గ్రంథమాత్రము గాదు, అక్కఱకు వచ్చు పలుకుకూడ. తిక్కన తమ నెల్లూరి కవి యను నభిమానము దానికిఁ దోడు. పాఠశాలలలో నీ పర్వమును బోధించు పండితులు కీచకవధతోఁ గథ ముగిసినట్లు పుస్తకము మూయుట కలదు. ఆ తరువాతి కొలఁది పుటలే ప్రకృతవిచారమునకు ముఖ్యములు.

ముందుగా నొక విశేషమును గమనింపవలసియున్నది. రెండు కథలయందును రహస్యముగాఁ జంపినవాఁడు భీముఁడే. రెండు చోటులను నతఁడు మాఱువేషముననే యున్నాఁడు. ఏకచక్రపురమున బ్రాహ్మణవేషము, విరాటనగరమున వంటలవాఁడైన వలలుని వేషము. రెండు చోటులను శవము పదుగురు చూచునట్లు పడియుండెను. చంపినవాఁడు మాత్రము జనులకుఁ గనఁబడలేదు. అయినను మొదటి యూరు పండుగ చేసికొనెను. రెండవ యూరు గడగడ వడఁకెను. ఒక్క చేయి చేసిన యొక్కవిధమైన పని రెండూళ్లలో నిట్లు వేఱువేఱుగా ఫలించుటకు హేతువేమి? బకుఁడు రాక్షసుఁడు, కీచకుఁడు రాజునకు బావమఱఁది గనుక నని చెప్పుట సులభము. ఆ సమాధానము తప్పు గాదు గాని యంతటితోఁ జాలదు. చచ్చినవాఁ డెవ్వఁ డనుటకంటె, ఆ భయమును బౌరులు తమలోఁ దా మెట్లు పంచుకొని రనుట యిక్కడఁ బ్రధానము.

మొదట నేకచక్రపురమును జూతము. వ్యాసమూలమున నా బ్రాహ్మణుఁడు కుంతితోఁ జెప్పు మాటలు తెలిసినవే. బకుఁ డాయూరికిఁ బ్రభువువంటివాఁడు. పరరాజులవలనఁ గాని భూతములవలనఁ గాని యూరికి భయము లేకుండఁ గాచువాఁడు వాఁడే. ఆ కావలికిఁ గూలిగా బండెఁ డన్నమును, రెండు మహిషములను, వానిని దోలుకొనిపోవు మనుష్యునిఁ గూడ నొక్కొక్క యింటివా రొక్కొక్క నాఁడు చెల్లింపవలెను. తప్పించుకొనఁజూచినవారిని వాఁ డాలుబిడ్డలతోఁ జంపి భక్షించును. దేశమున కొక రాజు గలఁడు. వేత్రకీయగృహ మను చోట నుండును. ప్రజలను గాచు నుపాయ మతఁడు వెదకఁడు. చంపువాఁడే కావలివాఁ డగుట, కావవలసినవాఁడు లేనివానితో సమానుఁడగుట, ఇవి రెండును గలసిన చోట నా వంతు పుట్టినది.

వంతనఁగా న్యాయము వంటిదే. అందఱకు సమానముగా వచ్చుచున్నది గదా యని తోఁచును. అయినను ఆ న్యాయ మిరుగుపొరుగు బంధమును లోలోపల నెట్లు తినివేసెనో వ్యాసభగవానుఁడు రెండు చిన్న గుర్తులతోఁ జూపినాఁడు. మొదటి గుర్తు ఏడుపు. బ్రాహ్మణుని యింట భార్యాభర్తలు, కూఁతురు, చిన్నకొడుకు గూడి గోలుగోలున నేడ్చుచుండఁగా, ఆ యేడుపు విని వచ్చినది కుంతి. ఆమె యాయింట నద్దెలేక యాశ్రయము పొందిన పరదేశిని. ఎదురింటివారు గాని పొరుగింటివారు గాని వచ్చి రని కథలో లేదు. వంతు తిరుగుచున్న యూరిలో నేఁ డెవ్వరింట నేడ్పు వినఁబడినను దాని యర్థ మందఱకుఁ దెలియును. తమ యింటిది కానందుకు లోలోపల నూఱట చెందుటయుఁ గలుగును. అందువలన వినఁబడిన యేడ్పును విననట్లుండుట యాయూరి మర్యాదయైనది. ఆ మర్యాద నెఱుఁగని పరదేశిని మాత్రమే తలుపు తట్టినది.

రెండవ గుర్తు లెక్క. బకుని శవము పురద్వారమునఁ బడియుండుటను జూచి జనులు గుమిగూడి, యానాఁడు వంతు ఎవ్వరిదని లెక్కించి, లెక్కవలన నా బ్రాహ్మణుని గుర్తించి, యతని నడుగవచ్చిరి. అనఁగా, ముందునాఁడు చావవలసినవాఁ డెవ్వఁడో జ్ఞప్తికిఁ దెచ్చుకొనుటకు లెక్క కావలసివచ్చెను. పొరుగువాని చావు తేదీగా మాఱినది. భయము మిక్కిలి యైనప్పుడు జనులు గుమిగూడి యేడ్తురు. భయము వాడుక యైనప్పుడు లెక్క వ్రాసికొందురు. ఏకచక్రపురము ఈ రెండవ దశకు వచ్చిన యూరు.

వంతు సమానమను మాటయుఁ బూర్ణసత్యము గాదు. బ్రాహ్మణుఁడు తన దైన్యమును జెప్పుకొనుచు, మనుష్యునిఁ గొనుటకుఁ దనవద్ద ధనము లేదనియు, మిత్రుల నిచ్చుటకుఁ దన మనసొప్ప దనియు ననుచున్నాఁడు. ధనము గలవాఁ డొక మనుష్యునిఁ గొని తనకు మాఱుగాఁ బంపవచ్చు నని దీనివలన స్ఫురించుచున్నది. కావున వంతు ఇంటింటికి వచ్చినను జావు మాత్రము ధనము లేనివారి యిండ్లవైపునకే యొరిగియుండును. ఈ యొక్కమాటతో మహాకవి యాయూరి లోపలి యంతరువులను దెలిపినాఁడు. దీనిని జెప్పినవాఁడు కోపముతోఁ జెప్పలేదు. లోకమర్యాదను జెప్పినట్లు చెప్పినాఁడు. అందుచేతనే యది మన మనస్సును మఱింత కలఁచును.

మఱి యట్టి యూరిని విడిచిపోరాదా? ఆ ప్రశ్నకును వ్యాసుఁడు సమాధానముంచినాఁడు. బ్రాహ్మణుఁడు క్షేమమైన చోటికిఁ బోవుదమని మున్నే భార్యతోఁ జెప్పియుండెను. తాను బుట్టి పెరిగిన యూరిదే యనియు, తన తండ్రి యిచ్చటనే యున్నాఁడనియు నామె రానన్నది. ఇప్పుడా తండ్రియు లేఁడు, తల్లియు లేదు, బంధువులును గతించిరి. ఊరిపైఁ బ్రేమచే నిలిచినవారికి ఊరు మిగిలినది. ఆ ప్రేమకు హేతువులైనవారు మిగులలేదు. గాఢమైన యిరుగుపొరుగు బంధమే యొకప్పుడు జనులను జావు వాకిట నిలుపు నని చెప్పుట కింతకంటెఁ దగిన దృష్టాంతము వేఱొకటి వెదకనక్కఱ లేదు.

ఇట్టి యూరిలో ధర్మమేమైన మిగిలియున్నదా యనినచో, మిగిలినది. అది యొక్క యింటిలో మిగిలినది. నా కైదుగురు కొడుకులు గలరు, ఒకనిఁ బంపుదు నని కుంతి యనఁగా బ్రాహ్మణుఁడు మొదట నొల్లఁడు. ప్రాణభీతిచే నతిథిని జావునకుఁ బంపుటకంటెఁ దాను జచ్చుటయే మేలని యతని నిశ్చయము. కుంతి పట్టుదలకుఁ గారణము కృతజ్ఞత. తమ కాశ్రయమిచ్చినవారి ఋణమును మిక్కిలిగాఁ దీర్పవలె నని యామె ధర్మరాజునకు సమాధానము చెప్పినది. చావవలసిన గృహస్థు పరదేశి ప్రాణమును దనదానికంటెఁ బెద్దగాఁ జూచెను. పరదేశిని గృహస్థు కష్టమును దనదిగాఁ జేసికొనెను. ఊరియందుఁ దెగిపోయిన బంధ మా యొక్క కప్పు క్రింద మరల ముడివడినది. బకుఁడు చచ్చుటకు భీముని పిడికిలి నిమిత్తమాత్రము. ఆ ముడియే నిజమైన హేతువని నా యభిప్రాయము.

ఇఁక విరాటనగరమునకు వత్తము. ఇచ్చట నొక దృష్టాంతము విషయమును దేటపఱుచును. ఉదయగిరి కొండమీఁదఁ గోటయుఁ గొండక్రింద నూరును గల దుర్గస్థలము. శ్రీకృష్ణదేవరాయలు 1513లో దానిని ముట్టడించి 1514లో గజపతిపక్షమునుండి గైకొనెను. ఆ కోటగోడలను జూచినవారికిఁ బ్రాకారముయొక్క ప్రయోజనము వేఱుగాఁ జెప్పనక్కఱ లేదు. వెలుపల నున్న శత్రువు కంటికిఁ గనఁబడును; వాని భయము లోపలివారి నొక్కటిగాఁ గూర్చును. చంపువాఁడు గోడలోపలనే యున్నాఁడను భయమునకు గోడ యక్కఱకు రాదు. ఏకచక్రపురమున బకుఁ డూరి వెలుపలి వనమున నుండెను. విరాటనగరమునఁ జంపినవాఁడు రాజుగారి వంటయింట నుండెను. ఆ నగరము తినుచున్న యన్నము వాని చేతి వంటయే.

కీచకుఁడు నర్తనశాలలో రాత్రివేళఁ జంపఁబడెను. అతని కాలుసేతులు తల మొండెములోనికిఁ ద్రోయఁబడి శరీరము ముద్దవలె నుండెను. తన భర్తలైన గంధర్వులు చంపిరని సైరంధ్రి కావలివారికిఁ జెప్పినది. తెల్లవాఱకమున్నే యుపకీచకు లామెను గట్టి కీచకునితోఁ గాల్పఁ గొనిపోఁగా, వారు నూటయేవురును వల్లకాటియొద్దఁ జచ్చిరి. ఒక్క రాత్రి నూటయాఱుగురు చచ్చిన నగర మది. చంపినవాఁ డెట్టివాఁడో, ఎందఱో, ఎచ్చటనుండి వచ్చునో యెవ్వరికిఁ దెలియదు. పౌరులు రాజుకడకుఁ బోయి విన్నవించిన దేమి? సైరంధ్రి విడువఁబడి మరల నగరిలోనికి వచ్చుచున్నది; ఆమె చక్కనిది; పురుషులకుఁ గోరిక సహజము; గంధర్వులు బలవంతులు; ఆమెవలన నీ నగరము నశింపకుండఁ దగిన నీతి చేయుమని వేఁడుకొనిరి.

ఈ విన్నపమును మనము నిదానముగాఁ జదువవలెను. ఇందు నాలుగు వాక్యాలు గలవు. ఆమె చక్కఁదనము మొదటిది, పురుషుల కోరిక రెండవది, గంధర్వుల బలము మూఁడవది, నగరనాశము నాలుగవది. ఈ నాలుగింటిలోఁ జక్కఁదనమును మార్పరాదు, గంధర్వులను బట్టరాదు, నగరమును గదల్పరాదు. మార్పఁదగిన దొక్కటి గలదు, పురుషుల కోరిక. దానిని మాత్రము పౌరులు ప్రకృతిధర్మముగా నెంచి విడిచిపెట్టిరి. కావున వారి తర్కము సైరంధ్రిని వెడలఁగొట్టుటతప్ప వేఱొక చోటికిఁ బోలేదు. హంతకుని వెదకుఁడని యొక్కఁడైన ననలేదు. కీచకుఁ డిట్లు చేయుట తప్పని యొక్కఁడైన ననలేదు. కొన్ని దినములకు మున్ను నిండుసభలో నతఁ డామెను దన్నినప్పుడు, మీ తగవు నా కన్నులయెదుట జరుగలేదు గనుక నే నెఱుఁగ నని రాజు తప్పుకొనెను. ఆనాఁడు పౌరులనుండి యే విన్నపమును రాలేదు. చంపినవాని భయము కంటె ముందే, చచ్చినవాని భయ మా నగరమునఁ గాపురము చేయుచుండెను. వ్యాసమూలమున నుపకీచకులు సైరంధ్రిని గాల్చుటకు రాజనుమతి నిచ్చుటకుఁ గారణము సూతుల పరాక్రమమును దలంచుటయే యని చెప్పఁబడినది. నిన్నటివఱకుఁ గీచకులకు వెఱచిన రాజు నేఁడు గంధర్వులకు వెఱచెను. వెఱపు మాఱినది గాని వెఱపు పడవలసిన యాఁడుది మాఱలేదు.

రాజు పౌరుల మాట నంగీకరించి, కీచకుల నందఱ నొక్క చితియందు దహింపఁజేయు నుత్తరువిచ్చి, పిదప సుదేష్ణతోఁ జెప్పినమాట మిక్కిలి విమర్శింపఁదగినది. సైరంధ్రిని బొమ్మని చెప్పుటకుఁ దనకు ధైర్యము చాలదనియు, స్త్రీలు చెప్పినచో దోషము లేదు గనుక నీవు చెప్పుమనియు నతఁ డనెను. రాజు తన భయమును రాణికి నప్పగించెను. ఆ రాణి యెవ్వరు? చచ్చినవాని తోఁబుట్టువు, కల్లు తెచ్చు నెపమున సైరంధ్రిని వాని యింటికిఁ బంపినదియు నామెయే. భార మిట్లు పైనుండి క్రిందికిఁ జేతులు మాఱుచు వచ్చి, తుదకుఁ జుట్టము, పక్కము లేని పరిచారికపై నిలిచినది. ఏకచక్రపురమున నింటింటికిఁ దిరిగిన వంతు విరాటనగరమున నొక్క మనిషియొద్దనే యాగిపోయినది.

వల్లకాటినుండి విడువఁబడిన ద్రౌపది స్నానము చేసి వస్త్రములు గడిగికొని నగరములోనికి నడచివచ్చుట భారతమునందలి యపూర్వదృశ్యములలో నొకటి. ఆమెను జూచి జనులు దిక్కులకుఁ బరుగెత్తిరి. కొందఱు కన్నులు మూసికొనిరి. చంపినవాఁ డామె కాదు, చంపఁబడఁబోయినది యామెయే. అయినను వీథి యామెకుఁ దెఱపి యిచ్చినది మర్యాదచేతఁ గాదు, వెఱపుచేత. ఆ వీథిలోనే నిన్న నామెను గట్టి యీడ్చుకొనిపోయినప్పుడు చూచినవా రెందఱో యుండవలెను. నేఁ డామె ముఖమును జూడలేనివారు వారే. కన్ను మూయుటలో భయము సగము. తమ మౌనము జ్ఞప్తికి వచ్చుట సగము కావచ్చును. వంటశాల వాకిట నిలిచియున్న వలలునికి నామె గంధర్వరాజునకు వలెఁ జాటుగా వందన మొనర్చి కడచిపోయినది. నగర మెవ్వనికి వడఁకుచున్నదో వాఁడు గరిటె పట్టుకొని యందఱియెదుట నిలిచియున్నాఁడు. నర్తనశాలకడ బృహన్నలతోఁ గూడిన కన్యలు మాత్రము వెలుపలికి వచ్చి, నీవు విడివడి వచ్చుట మా భాగ్యమని పలుకరించిరి. అంత పెద్దనగరమున నామెను బలుకరించినవారు చదువుకొను బాలికలు. ఇది కథలో నొక్కమాటగాఁ గడచిపోవును. నా దృష్టిలో నీ ఘట్టమునకుఁ బ్రాణమిదియే.

అలంకారశాస్త్రదృష్టిచే నొకమాట. భయానకరసమునకు స్థాయి భయము, భయహేతువైనది యాలంబనము, పలాయనము, కంపము మున్నగున వనుభావములు. విరాటనగర పౌరుల భయమున కాలంబనము గంధర్వులు గావలెను. వారు కంటికిఁ గనఁబడరు. కనఁబడని యాలంబనముపై భయము చిరకాలము నిలువలేదు. అది కనఁబడు వస్తువును వెదకికొనును. కావున నది సైరంధ్రిపైకి జారినది. శాస్త్రవిషయమున దీనిని రసాభాస మందుమో, భయానకమునందలి యొక భేద మందుమో పండితులు నిర్ణయింతురు గాక. మఱియొక విశేషము. భరతముని నాట్యశాస్త్రమున భయము స్త్రీలకును నీచప్రకృతులకును జెందినదిగాఁ జెప్పఁబడినది. ఇచ్చట రాజు, పౌరులు, కావలివారు నందఱు వడఁకుచుండఁగా, వెఱపు లేనివారు పరిచారికయైన స్త్రీయు, వంటలవాఁడును, బృహన్నల శిష్యురాండ్రయిన బాలికలును. ఏకచక్రపురమునందును వెఱవక నిలిచినది కుంతి. గడ్డిపోచ చేతఁబట్టి దీనితో రాక్షసునిఁ జంపెద నన్నవాఁడు మాటలైన సరిగా రాని పసివాఁడు. శాస్త్రము చెప్పిన పాత్రనియమమును గథాకవి రెండు చోటులఁ దలక్రిందుచేసినాఁడు. తిక్కన సంభాషణలచేతఁ గథ నడపుటయందు సమర్థుఁడు గనుక, రాజునకును రాణికిని సైరంధ్రికిని నడుమ మాట చేతులు మాఱు నీ ఘట్ట మతని తెలుఁగున నాటకమువలె నడచుటకుఁ దగినది.

ఇచ్చట నొక యాక్షేపము రాఁగలదు. కులముకొఱకు నొక్కనిని, గ్రామముకొఱకుఁ గులమును విడువవలె నను నీతి మన పెద్దలు చెప్పినదే గదా. నూటయాఱుగురు చచ్చిన నగరము తన్నుఁ దాను గాచుకొనఁ గోరుట తప్పా యని. నీతి సత్యమే. కాని భారతమున విదురుఁ డా నీతి నెవ్వరి విషయమునఁ జెప్పెను? కులనాశకుఁడు గాఁగల దుర్యోధనుని విషయమున. విడువఁదగినవాఁడు కీడు చేయువాఁ డని యా సందర్భమువలనఁ దేలుచున్నది. విరాటనగర పౌరు లా నీతినే తీసికొని కీడు చేసినవానిపై గాక, కీడు పొందినదానిపైఁ బ్రయోగించిరి. కీచకుఁడు బ్రదికియున్న కాలమున నీ నీతి యెవ్వరికిని దోఁపలేదు. బలహీనుని విడుచుటకు మాత్రమే జ్ఞప్తికి వచ్చు నీతి నీతి యనిపించుకొనదు. ఏకచక్రపురపు వంతుకూడ నీ నీతియొక్క నిత్యానుష్ఠానమే. దాని ఫలము మనము చూచితిమి. ఆ యూరిని గాచినది యొక్కని విడుచుట గాదు, ఒక్కని విడువ నొల్లకపోవుట.

కథ తరువాతి నడకయు నీ తాత్పర్యమునే దృఢపఱుచుచున్నది. సుదేష్ణ రాజాజ్ఞను జెప్పఁగా సైరంధ్రి పదుమూఁడు దినములు గడువడిగినది. ఆ గడువు లోపలనే కీచకుని చావు విని సుశర్మ దక్షిణగోగ్రహణమునకు వచ్చెను. మఱునాఁడు కౌరవు లుత్తరగోగ్రహణమునకు వచ్చిరి. పట్టువడిన విరాటుని విడిపించినవాఁడు వలలుఁడు. కౌరవసేనను మరల్చినవాఁడు బృహన్నల. పౌరుల విన్నపము తత్క్షణమే నెరవేఱియుండినచో సైరంధ్రి వెడలియుండును. ఆమెతో నామెవారును వెడలియుందురు. నగరము దిక్కులేక పడియుండును. ఏ గంధర్వులకు వెఱచి యామెను బొమ్మనిరో, ఆ గంధర్వులే నగరమును గాచిరి. నగరమును రక్షించినది దాని జాగ్రత్త గాదు. ఒక స్త్రీ యడిగి పొందిన పదుమూఁడు దినముల గడువు.

తరువాతి కాలమునఁ గీచకవధ పొందిన యాదరమును జూచినచో నీ ఘట్ట మేల మఱుగున పడినదో తెలియును. మహారాష్ట్రమునఁ గృష్ణాజీ ప్రభాకర ఖాడిల్కరు 1907లో వ్రాసిన కీచకవధ నాటకమునఁ గీచకుని వెనుక కర్జను ప్రభువును జనులు గుర్తించిరి. ఆంగ్లప్రభుత్వము 1910లో దానిని నిషేధించినది. తెలుఁగువారికి 1963లో వచ్చిన నర్తనశాల చలనచిత్రము కీచకుని రూపమును మఱవరానిదిగాఁ జేసినది. ఇట్టి ప్రదర్శనములయందుఁ బ్రేక్షకుఁడు మొదటినుండి రహస్య మెఱిఁగినవాఁడు. వలలుఁడే గంధర్వుఁ డని యతనికిఁ దెలియును. కావునఁ గీచకుఁడు పడఁగానే యతని తృప్తి ముగియును. వడఁకు పౌరులు నవ్వునకుఁ బాత్రు లగుదురు. రహస్యము నెఱుఁగని పౌరునిస్థానమున నిలిచి చదివినచో నవ్వు నిలువదు. చీఁకటిరాత్రి నూటయాఱు శవములు. ప్రొద్దుటఁ దమ వీథిలో నడచివచ్చు నపరిచిత. మన మేమి చేసియుందుము? ఈ ప్రశ్నకు సులభముగా సమాధానము చెప్పఁగలిగినవారు కథను సరిగాఁ జదువలేదనవలెను.

ఇది ద్వాపరయుగపుఁ బౌరుల దౌర్బల్య మని త్రోసివేయుటకు వీలులేదు. 2018వ సంవత్సరము మే నెలలో నాంధ్రప్రదేశ, తెలంగాణ రాష్ట్రములయందుఁ బిల్లల నెత్తుకొనిపోయి చంపు ముఠాలు తిరుగుచున్న వని చరవాణులద్వారా నసత్యవార్తలు వ్యాపించినవి. పార్థీముఠా యను పేరు పల్లెపల్లెకుఁ బ్రాఁకినది. జనులు కఱ్ఱలు పట్టుకొని రాత్రులు కావలి కాచిరి. చంపువాఁ డెవ్వరికిని గనఁబడలేదు. ఏలయన నట్టివాఁడు లేఁడు. కనఁబడినవారు భిక్షకులు, మతి చలించినవారు, భాష తెలియని బాటసారులు. వారు దెబ్బలు తినిరి. కొందఱు ప్రాణములు గోలుపోయిరి. హైదరాబాదు చాంద్రాయణగుట్టయొద్ద నా నెల 26వ తేది రాత్రి, మహబూబునగరు ప్రాంతమునుండి భిక్షాటనకు వచ్చిన హిజ్రాలపై గుంపు పడి యొకరిని జంపినది. ఆ గుంపులోనివారు వృత్తిచే హంతకులు గారు; తమ వాడను, తమ బిడ్డలను గాచుకొనుచున్నా మనుకొన్నవారు. విరాటనగరమునఁ గన్నులు మూసికొన్నవారి చేతులకుఁ గఱ్ఱలు వచ్చినచో నిట్లుండును. కనఁబడని యాలంబనమునుండి కనఁబడు పరదేశిపైకి భయము జాఱుట నేఁటికి నట్లే యున్నది.

దానికి విరుగుడును నా కాలముననే కనఁబడినది. జోగులాంబ గద్వాల జిల్లాయందు నాఁటి పోలీసు సూపరింటెండెంటు రెమా రాజేశ్వరి పల్లెకొక్క రక్షకభటుని నియమించి, జానపదగాయకులచేఁ బాటలు పాడించి, డప్పు వేయించి, యావార్తలు కల్ల లని చాటించెను. ఆ జిల్లాలో నట్టి చావు కలుగలేదు. రాజు తన భయమును రాణిచేతిలోఁ బెట్టి తప్పుకొనక, తానే వీథిలోనికి వచ్చి మాటాడినచో నేమగునో యీ యుదాహరణము చూపుచున్నది. ఏకచక్రపురమునకు దూరమునఁ గూరుచున్న రాజును, విరాటనగరమున మాట పెగలని రాజును దీనితోఁ బోల్చి చూచికొనవచ్చును.

ఇంతవఱకుఁ జెప్పినదానిని సంగ్రహింతును. చంపువాఁ డెఱుఁగఁబడినవాఁ డైనచో నూరు భయమును లెక్కగా మార్చుకొనును. ఎఱుఁగరానివాఁ డైనచో నపరాధముగా మార్చి యొకరిపై మోపును. లెక్కయందు ధనము లేనివాఁడు నలఁగును. అపరాధమందు బంధువులు లేనివాఁడు నలఁగును. రెండింటియందును నిరుగుపొరుగు పేరునకు మిగిలి యర్థమునఁ బోవును. దానిని మరల నిలిపినవారు గొప్పవారు గారు: అద్దెలేని కుటీరమున నున్న తల్లి, అతిథిని బంప నొల్లని పేద గృహస్థు, గడువడిగిన పరిచారిక, పలుకరించిన బాలికలు. బకవధ, కీచకవధ లను పేళ్ల వెనుక వ్యాసుఁడు పన్నిన రెండవకథ యిదియే. నన్నయ తిక్కనలు దానిని దెలుఁగువారి కప్పగించిరి.

కావున నుదయగిరి, ఆత్మకూరు మొదలగు చోటులనే కాక యెల్లెడలఁ బాఠశాలలలో భారతము చెప్పు పండితులకు నొక మనవి. కీచకుఁడు చచ్చుటతోఁ బాఠమును ముగింపక, పౌరుల విన్నపమును, రాజు సుదేష్ణతోఁ బలికిన పలుకును, సైరంధ్రి వీథిలో నడచుటను గూడఁ జెప్పుఁడు. బకవధయందు భీముఁడు తిన్న యన్నపురాసులను వర్ణించి పిల్లలను నవ్వించిన పిదప, జనులు వంతు లెక్కించిన మాటను గూడ విడువక చెప్పుఁడు. చెప్పి మూఁడు ప్రశ్న లడుగుఁడు: వెఱపు ఎవ్వరివలనఁ గలిగినది? భార మెవ్వరిపైఁ బడినది? కాదన్నవా రెవ్వరు? మొదటి ప్రశ్నకు సమాధానము పుస్తకమునఁ గలదు. రెండవదానికిఁ గొంత యాలోచింపవలెను. మూఁడవదానికిఁ బిల్లలు చెప్పు సమాధానమును బట్టి, ఱేపు వారి వీథిలోనికి నపరిచితుఁ డొకఁడు వచ్చినప్పుడు వా రేమి చేయుదురో పండితులు గ్రహింపఁగలరు.